ఏటోమరి

మా దీవి పేరు పావలా దీవి. పటంలో పాత పావలా బిళ్ళంత కనిపిస్తుందని ఎవరో ఆ పేరు పెట్టారు. బంగాళాఖాతంలో చాలా దూరాన ఉంది. ఎంత దూరమంటే, అక్కడ ప్రభుత్వం ఒక జీవోని రద్దు చేసిన సంగతి ఇక్కడికి చేరేసరికి, ఆ జీవోని చక్కగా అమలు చేసినందుకు ఇక్కడ సన్మానం జరుగుతూ ఉంటుంది.

దీవిలో సగం మంది మావాళ్ళే. తాతల నాడు బారువ, భావనపాడు వైపు నుంచి వచ్చి చేపలు పట్టుకుంటూ ఉండిపోయారు. నాకు పడవెక్కితే కడుపులో తిప్పుతుంది కాబట్టి చదువుకుని, దీవుల అరుదైన మొక్కల సంరక్షణ మండలిలో గుమాస్తాగా చేరాను. నా పేరు తవిటినాయుడు. మండలికి ఆఫీసుంది, జీపుంది, జీపు తిరగడానికి ఒక రోడ్డుంది, మా అందరికీ కుర్చీలున్నాయి. సంరక్షించడానికి మొక్క మాత్రం లేదు. ఏళ్ళ తరబడి మేం ఆ కుర్చీల్నే జాగ్రత్తగా సంరక్షించాం.

ఆ లోటు తీర్చడానికి డాక్టర్ కౌండిన్య గారు సంచాలకులుగా వచ్చారు. పుట్టింది తెలుగింట్లోనే గాని పెరిగిందీ చదివిందీ ఢిల్లీలో. మాతృభాష మీద అభిమానంతో పుస్తకాలు తెప్పించుకుని తెలుగు నేర్చుకున్నారు. మొదటి రోజు ఆయన మాట్లాడుతుంటే మా అటెండరు ఏదో పూజ జరుగుతోందనుకుని చెప్పులు బయట విడిచి లోపలికొచ్చాడు.

వచ్చిన వారంలోనే ఆయన నన్ను వెంటబెట్టుకుని పడమటి ఒడ్డుకి బయల్దేరారు. అక్కడ ఇసుక దిబ్బ మీద సూరాడ కొర్లమ్మ ఇల్లుంది. మొగుడు పోయాక ఒక్కతే ఉంటోంది. రేకుల కప్పు, ముందు ఎండుచేపల పందిళ్ళు, ఇంటి వెనక గాలి మరుగున మోకాలెత్తు మొక్కలు కొన్ని. ఆ మొక్కలు దీవిలో ఇంకెక్కడా లేవు. ఎవరూ పట్టించుకోలేదు గనక బాగా పెరిగాయి.

కొర్లమ్మ కవళ్ళ చేపలకి ఉప్పు పట్టిస్తోంది. డాక్టర్ గారు మొక్క దగ్గర వంగి, కిందినుంచి ఒక ఆకు తుంచి, చేతి రుమాల్లో పెట్టుకున్నారు.

"అమ్మా, ఈ గుల్మమును స్థానికులు ఏ నామముతో వ్యవహరింతురు?" అని అడిగారు.

కొర్లమ్మ నా వైపు చూసింది. ఈ మొక్క పేరేటని అడుగుతున్నారని చెప్పాను. ఆమె మొక్కని చూసింది, ఆయన్ని చూసింది, మళ్ళీ చేపల వైపు తిరిగింది.

"ఏటో మరి," అంది.

మా వైపు ఏటో మరి అంటే ఏమో మరి అని. నాకు తెలీదు, తెలుసుకోవలసిన పనీ లేదు, నీకింకేం పని లేదా అని అందులో మూడర్థాలున్నాయి. డాక్టర్ గారు నాలుగోది కనిపెట్టారు.

"ఏటోమరి," అన్నారు కళ్ళు మూసుకుని. "ఏటి యొడ్డున ఓమము వలె పరిమళించునది. ఎంతటి సార్థక నామము."

పావలా దీవిలో ఏరు లేదు. ఆ మొక్కకి ఓమం వాసనా లేదు, ఉన్న వాసనల్లా కవళ్ళది. "సార్, ఆమె తెలీదంటోంది" అన్నాను.

"నాయుడూ, తెలియదు అనునది క్రియ. ఆమె పలికినది నామవాచకము. వ్యాకరణము తెలిసినవాడిని, నన్ను మోసపుచ్చజాలవు," అన్నారాయన. వ్యాకరణం మాట ఎత్తాక గుమాస్తా ఇంకేం మాట్లాడతాడు.

గెజిట్ వచ్చింది. ఏటోమరి, ప్రపంచంలో పావలా దీవిలో మాత్రమే లభించు అరుదైన మొక్క. ఆకు హృదయాకారము. దీని నివాసస్థలమందు అన్యులెవరూ నివసింపరాదు. అదీ సారాంశం. మండలికి మొక్క దొరికిందని ఆఫీసులో మిఠాయిలు పంచారు. నేనూ రెండు లడ్లు తిన్నాను. చివరి వాక్యం సంగతి అప్పుడు ఎవరికీ తట్టలేదు.

గెజిట్ కాయితం పట్టుకుని మొక్కని మరోసారి దర్శించడానికి వెళ్ళినప్పుడు తెలిసింది అసలు సంగతి. మొక్కకి కిందున్న ఆకులే హృదయాకారం. మధ్యలోవి బాతు కాలులా మూడు వేళ్ళుగా ఉన్నాయి. పైవాటికి అయిదేసి వేళ్ళు, అవీ సన్నగా. ఒకే కొమ్మకి మూడు రకాల ఆకులు గాలికి హాయిగా ఊగుతున్నాయి.

డాక్టర్ గారు గెజిట్ కాయితాన్నీ కొమ్మనీ మార్చి మార్చి చూశారు. నేనే ధైర్యం చేసి, "సార్, కొన్ని మొక్కలకి కింద ఒకలాగ, పైన ఒకలాగ ఉంటాయి కదా. గెజిట్‌లో ఒక మాట దిద్దితే సరిపోతుంది," అన్నాను.

ఆయన నన్ను చూసిన చూపు ఇప్పటికీ మరిచిపోలేదు. "గెజిట్టు తప్పని యొప్పుకొన్నచో తప్పు ప్రభుత్వముది యగును. ఆకు తప్పని నిర్ణయించినచో తప్పు ఆకుది యగును. నీవు ప్రభుత్వోద్యోగివా, ఆకువా?"

నేను ప్రభుత్వోద్యోగినే. నెల నెలా ఆ సంగతి రుజువవుతూనే ఉంది. తాను పట్టిన కుందేటికి మూడే కాళ్ళన్నవాడి మాట విన్నాం గాని, నాలుగో కాలు నరకడానికి శాఖ తెరిచినవాడిని అప్పుడే చూశాను.

శాఖ పేరు అక్రమ పత్ర నియంత్రణ విభాగం. హృదయాకారంలో ఉన్నవి సక్రమ పత్రాలు, మిగతావన్నీ అక్రమ పత్రాలు. సక్రమ పత్రానికి ఇత్తడితో ఒక నమూనా పోత పోయించారు. దాన్ని ఎర్ర గుడ్డలో చుట్టి బీరువాలో పెట్టేవారు. పత్ర పరిశీలకుడిగా మురుగేశన్ అనే ఆయన్ని వేశారు. ఇదివరకు ఆయన రేవులో బస్తాల తూకం చూసేవాడు కాబట్టి కొలతల్లో ఆరితేరినవాడని తీర్మానించారు.

మురుగేశన్ పొద్దున్నే ఇత్తడి నమూనా, కత్తెర పట్టుకుని కొర్లమ్మ ఇంటి వెనక్కి వెళ్ళేవాడు. ఒక్కొక్క ఆకు మీద నమూనా ఆనించి, బయటికొచ్చిన భాగం కత్తిరించేవాడు. నమూనా కన్నా చిన్న ఆకుల్ని బాలపత్రాలుగా పరిగణించి వదిలేయమన్నారు. సన్నగా వేళ్ళున్న ఆకుల దగ్గర చిక్కొచ్చింది. కత్తిరించగలం గాని అతికించలేం కదా. జిగురు మంజూరు చేయమని పై ఆఫీసుకి రాశాం. ఎన్ని సీసాలని వాళ్ళడిగారు.

ఈలోగా దీవికి ఆ పిచ్చి పట్టుకుంది. పిచ్చి కుదిరింది రోకలి తలకు చుట్టమన్నట్టు, 'ఒకే మొక్క, ఒకే ఆకు' అని గోడల మీద రాశారు. బళ్ళో పిల్లలచేత హృదయాకారం అట్టముక్కలు పట్టించి ఊరేగించారు. జెట్టీ దగ్గర హోటలువాడు ఇడ్లీలు ఆ ఆకారంలోనే పోయడం మొదలెట్టి, గుండ్రంగా వచ్చినవాటిని అక్రమ ఇడ్లీలని సగం ధరకి అమ్మాడు. అవి కొన్నందుకు నన్ను అదోలా చూసినవాళ్ళున్నారు.

మొక్క మాత్రం మాట వినలేదు. కత్తిరించినకొద్దీ కొత్త చిగుళ్ళు వేళ్ళేసుకునే వచ్చాయి.

"ఇది స్వాభావికము కాదు. దీని వెనుక ఎవరి ప్రోద్బలమో యున్నది," అన్నారు డాక్టర్ గారు. మొక్క వెనక ఉన్నది కొర్లమ్మ ఇల్లు ఒక్కటే.

నోటీసు నేనే పట్టుకెళ్ళాను. ఏటోమరి నివాసస్థలాన్ని ఆక్రమించి నివసిస్తున్నందుకు పదిహేను రోజుల్లో ఇల్లు ఎందుకు తొలగించకూడదో చెప్పుకోవాలని అందులో ఉంది. చదివి వినిపించాను. కొర్లమ్మ చేతిలో ఉప్పు దులుపుకుంది.

"ఏటోమరెవరు బాబూ? నాను ఊరోళ్ళందర్నీ ఎరుగుదును గానీ, ఆ పేరుగలోళ్ళు మన్లో నేరు."

"ఆ మొక్క పేరు కొర్లమ్మా. నువ్వే పెట్టావు."

వేళాకోళం కాదని ఆమె నా మొహం చూసి తెలుసుకుంది. "తెలీదన్నందుకు ఇల్లు పీకేత్తారేటి?" అంది. నాకు సిగ్గేసింది. సిగ్గేసినంత మాత్రాన నోటీసు వెనక్కి తీసుకోలేదు, సంతకం బదులు వేలిముద్ర వేయించుకుని వచ్చాను.

విచారణ మా ఆఫీసులోనే జరిగింది. కొర్లమ్మ ఉతికిన చీర కట్టుకుని, ఇంటికి సంబంధించిన కార్డులన్నీ గుడ్డసంచిలో పెట్టుకుని వచ్చింది. డాక్టర్ గారు బల్లకి అటువైపు, ముందు ఇత్తడి నమూనా.

"ఏటోమరి నివాసస్థలమందు నీవు నివసించుట వాస్తవమా?"

"అది నా ఇంటెనకాల మొలిసింది బాబూ. దానెనకాల నాను మొలవనేదు. నా పెనిమిటీ నానూ గునపాలట్టి ఆ దిబ్బ సదును సేసినప్పుడు అక్కడ ముల్లకంప తప్ప ఇంకేటీ నేదు. మా ఇల్లు గాలికి అడ్డం నిలబడ్డాకే అదొచ్చింది."

"అట్లయిన మొక్క నీ పొరుగున ఆశ్రయము పొందినదందువా?"

"ఏమో బాబూ, నానేటీ అనను. ఓ మాటన్నందుకే ఇక్కడికి తెచ్చీసినారు."

కార్డులు పరిశీలించారు. రేషన్ కార్డులో సూరాడ కొర్లమ్మ. ఓటరు కార్డులో సురడ కొల్లమ్మ. చేపలవాళ్ళ సంఘం కార్డులో సూరాడి కూర్మమ్మ. డాక్టర్ గారి కళ్ళు మెరిశాయి. ఇత్తడి నమూనా పక్కన మూడు కార్డులూ వరసగా పేర్చారు.

"ఇందు ముగ్గురు స్త్రీలున్నారు. ఇందెవరు సక్రమ కొర్లమ్మ?"

"ముగ్గురూ నానే. పెతి ఆపీసోడూ ఆడికి ఇనబడినట్టు రాసీసుకున్నాడు. మనిసినొక్కదాన్నే."

"ఆ మొక్కయు అదే వాదించుచున్నది," అన్నారు డాక్టర్ గారు నిట్టూర్చి. "ఒకే కాండము, మూడు రూపములు. దాని దుర్గుణమునకు మూలమెచ్చటనో ఇప్పుడు బోధపడినది."

తీర్పు మర్నాడే వచ్చింది. ఇల్లున్నది ఎవరి పేరునో తేలనందున, ఎవరి పేరునా లేనట్టే. ఎవరిదీ కాని ఇంటిని తొలగిస్తే ఎవరికీ నష్టం లేదు. అయినా మండలి దయార్ద్ర హృదయంతో, తూర్పు రేవు వెనక ఖాళీగా పడున్న రేకుల షెడ్డొకటి కూర్మమ్మకి కేటాయించింది. కొర్లమ్మకి కాదు. షెడ్డు ఉత్తర్వులో పడ్డ పేరు అది.

ఇల్లు విప్పే రోజున కొర్లమ్మ ఏడవలేదు, ఎవర్నీ తిట్టలేదు. పందిరి గుంజలు, వలలు, రోలు బండిలో వేసుకుంది. చివర్న గునపం పుచ్చుకుని ఇంట్లో పొయ్యిగడ్డ పెళ్ళగించి, దాని కింద మట్టితో సహా గంపకెత్తుకుంది. మా వాళ్ళలో ఇల్లు మారితే పాత పొయ్యి మట్టి కొత్త పొయ్యిలో కలపడం ఆనవాయితీ. మురుగేశన్ గంప ఆపి అందులో ఆకులేమైనా ఉన్నాయేమోనని వెతికాడు. మట్టిని ఏ నమూనాతో కొలవాలో ఆదేశాలు లేనందున వదిలేశాడు.

ఆ తర్వాత జరిగింది చెప్పడానికి పెద్ద చదువు అక్కర్లేదు. ఇల్లనే అడ్డు పోయింది. నైరుతి గాలి సముద్రపు ఉప్పంతా మోసుకొచ్చి తిన్నగా మొక్కల మొహాన కొట్టింది. అప్పటికే కత్తెర తిన్న ఆకులు నల్లబడి రాలిపోయాయి. వానాకాలం సగం కాకుండా దిబ్బ కూడా కరిగి సముద్రంలోకి జారింది. కొండ నాలుకకి మందేస్తే ఉన్న నాలుక ఊడిందంటారు. ఇక్కడ నోరే పోయింది.

మండలి నివేదికలో ఇదే సంగతి వేరేగా రాశాం. 'ఏటోమరి నివాసస్థలమందు అక్రమ పత్రముల సంఖ్య శూన్యమునకు చేరినది. ఆక్రమణలు లేవు. సంపూర్ణ విజయము.' చదివితే అందులో అబద్ధం ఒక్కటీ లేదు. పై ఆఫీసు పరవశించి డాక్టర్ కౌండిన్య గారికి బంగారు పతకమిచ్చింది. జిగురు సీసాలు కూడా అప్పుడే వచ్చాయి. జెట్టీ దగ్గర నిలువెత్తు సిమెంటు ఏటోమరి నిలబెట్టారు. దానికి అన్నీ హృదయాకారం ఆకులే, అన్నీ ఒకే కొలత, ఆకుపచ్చ రంగు. పర్యాటకులు దాని పక్కన నిలబడి ఫోటోలు తీయించుకుంటున్నారు. కాకులు దాని మీదే వాలుతున్నాయి, వాటికి తేడా తెలియలేదు.

అయితే పతకంతో పాటే ఒక ఉత్తర్వు వచ్చింది. ఇంతటి విజయాన్ని దేశమంతా చూపించాలి కాబట్టి, సజీవమైన ఏటోమరి ఒకటి ఢిల్లీ పంపమన్నారు. డాక్టర్ గారి మొహంలో మొదటిసారి నెత్తురు లేకపోవడం చూశాను. దీవంతా గాలించమన్నారు. మొక్క ఎక్కడ కనిపిస్తే అక్కడికక్కడే ఆ చోటుని నివాసస్థలంగా ప్రకటించి, చుట్టుపక్కల ఇళ్ళు ఖాళీ చేయించాలని ముందే ఉత్తర్వులు టైపు చేయించి, ఊరి పేరు దగ్గర ఖాళీ వదిలి, నా సంచిలో పెట్టారు.

అన్ని ఒడ్లూ తిరిగి తూర్పు రేవుకొచ్చాం. షెడ్ల వరసలో చివర్న కొర్లమ్మ షెడ్డు. ముందు కొత్త పందిరి, పందిట్లో ఎండుచేపలు. కొత్త పొయ్యి పక్కన, ఆమె చేపలు కడిగిన నీళ్ళు పారే చోట, షెడ్డు గోడ గాలిని ఆపే మూల మీద నా చూపు ఆగిపోయింది.

మోకాలెత్తున ఉంది. కింద హృదయాకారం, మధ్యలో మూడు వేళ్ళు, పైన అయిదు వేళ్ళు. పొయ్యి మట్టిలో విత్తనమేదో వచ్చుండాలి. కత్తెర ఎరగని ఆకులు నిగనిగలాడుతున్నాయి. అది బతికున్నందుకు సంతోషించాలో, సంచిలో ఉత్తర్వు తలుచుకుని ఏడవాలో నాకు తెలియలేదు. డాక్టర్ గారికి అడ్డంగా నిలబడబోయాను గాని అప్పటికే ఆయన చూసేశారు. ఎర్ర గుడ్డ విప్పి ఇత్తడి నమూనా బయటికి తీశారు.

"అమ్మా," అన్నారు. "ఈ మొక్క పేరేమి?"

కొర్లమ్మ చేపలు తిరగేస్తోంది. తల ఎత్తి ఇత్తడి ఆకుని చూసింది. నా సంచి చూసింది. వెనక షెడ్డు చూసుకుంది. మళ్ళీ ఆ రెండు మాటలూ అందో, ఈ వరసలో అయిదు కుటుంబాలు రోడ్డున పడతాయి.

"గోంగూర బాబూ," అంది.

డాక్టర్ గారు మొక్క వైపు చూశారు. ఆయనకి గోంగూర సీసాలో తెలుసు, మొక్క మీద తెలీదు. ఆ సంగతి నాకు తెలుసు, కొర్లమ్మకెలా తెలిసిందో తెలీదు. ఆయన ఏ శాస్త్రమైనా తెలియదని ఒప్పుకోగలరు గాని, తెలుగువాడై పుట్టి, గోంగూర తెలియదని ఒక చేపలావిడ ముందు ఎలా ఒప్పుకుంటారు?

"గోంగూరయే," అన్నారు గొంతు సవరించుకుని. "చూడగనే గ్రహించితిని. అయినను ఆకులిట్లు పలువిధములుగా..."

"గోంగూరకి అలాగే ఉంతాయి బాబూ. కింద గుండ్రం, మీద ఏళ్ళు. తవరికి తెలీదేటి."

"తెలియకేమి. మా యింట నిత్యమూ ఇదియే కదా." ఇత్తడి నమూనాని మళ్ళీ ఎర్ర గుడ్డలో చుట్టేశారు. ఒక అడుగు వేసి ఆగి, "కొండ గోంగూరయా, ఎర్ర గోంగూరయా?" అని కూడా అడిగారు, విషయం తెలిసినవాడిలా.

"దీవి గోంగూర."

"అదే యనుకొంటిని. నాయుడూ, రాసుకో. గోంగూర. సామాన్య శాకము. సంరక్షణ అవసరము లేదు."

ఇన్నేళ్ళ ఉద్యోగంలో ఒక మొక్కకి ఇంత మేలు చేసిన మాట మా మండలి నోట రావడం అదే మొదలు. అరుదైనదని పేరు పెట్టి ఒక దిబ్బ నిండా ఉన్నదాన్ని చంపాం. సామాన్యమని రాసి, ఉన్న ఒక్కదాన్ని వదిలేశాం. ఢిల్లీకి ఆ సిమెంటు మొక్క కొమ్మొకటి విరిచి, పెట్టెలో పెట్టి పంపించారు. వాడిపోకుండా ఇంత దూరం చేరిందని వాళ్ళు మెచ్చుకుంటూ జవాబు రాశారు.

ఆ రోజు డాక్టర్ గారు జీపెక్కి ఆఫీసు వైపు వెళ్ళిపోయాక నేను వెనక ఆగాను. కొర్లమ్మ గిన్నెడు నీళ్ళు తెచ్చి మొక్క మొదట్లో పోస్తోంది. ఎన్నడూ దాన్ని పట్టించుకున్న మనిషి కాదు. ఆమెని మెచ్చుకుందామని, ఇద్దరం కలిసి ఒకసారి నవ్వుకుందామని నాకనిపించింది. దగ్గరికి వెళ్ళి, గొంతు తగ్గించి, మా యాసలోనే అడిగాను.

"జీపెల్లిపోయింది కొర్లమ్మా. నాకు సెప్పు, దీని పేరు నిజంగా ఏటి?"

ఆమె తలెత్తింది. నా మొహం వైపు కాదు, నా చొక్కాకి తగిలించున్న మండలి బిళ్ళ వైపు చూసింది.

"గోంగూరని సెప్పేను కదా, బాబూ," అంది.